మోగితే మోగనీ, తాళంచెవి మాత్రం ఇటివ్వండి

కారు ఇంటికొచ్చిన రోజు పనులన్నీ మనవే. చక్రాల కింద నిమ్మకాయలు పెట్టేది మనం. బానెట్ మీద పసుపు కుంకుమలు పెట్టేది మనం. హారతిచ్చేది మనం, దిష్టి తీసేది మనం. షోరూం వాళ్ళు అట్టతో చేసిన మూరెడు తాళంచెవి చేతికిస్తే ఆయన పక్కన నిలబడి ఫొటో దిగేదీ మనమే. ఫొటో అయిపోగానే ఆ అట్టముక్క షోరూం వాళ్ళ దగ్గరికే వెనక్కి పోతుంది. అసలు తాళంచెవులు రెండుంటాయి. ఒకటి ఆయన జేబులోకి పోతుంది. రెండోది ఇన్సూరెన్సు కాగితాల కవర్లోకి, ఆ కవరు బీరువాలోకి పోయి అక్కడే పడి ఉంటుంది.

ఈరోజు నా గొడవంతా ఆ రెండో తాళంచెవి గురించే. అది కాగితాలది కాదు, బీరువాది కాదు. మనది. డ్రైవింగ్ వచ్చినా మనదే, రాకపోయినా మనదే.

"బండి నడపడం రాని నీకు తాళంచెవి ఎందుకే?" అంటారని తెలుసు. దానికి జవాబు ఉంది, చెబుతాను. ముందు కారులో ఉండే అలారం సంగతి మాట్లాడుకుందాం. అది అర్థమైతే తాళంచెవి ఎందుకో దానంతట అదే అర్థమవుతుంది.

ఒక విషయం గమనించారా? నడిచే కారు వాళ్ళ చేతిలో ఉంటుంది. ఆగిన కారులో కూర్చునేది ఎక్కువగా మనమే. మేముండేది నంద్యాల, మా పుట్టిల్లు ఆళ్ళగడ్డ. కడప వైపు పోయే 40వ నంబరు జాతీయ రహదారి మీద 40 కిలోమీటర్లకు అటూ ఇటూ, నడుమ శిరివెళ్ళ. నెలకు రెండు మూడు సార్లయినా పోతాం. ఈ కాస్త ప్రయాణంలో బండి ఎన్నిసార్లు ఆగుతుందో, ఎవరు దిగుతారో, ఎవరు కూర్చుంటారో లెక్కపెట్టండి. శ్రీనివాస సెంటర్లో "రెండు నిమిషాలు, ఇట్లా పోయి అట్లా వస్తా" అని ఆయన దిగుతారు, మనం కూర్చుంటాం. ఆళ్ళగడ్డ నాలుగు రోడ్ల దగ్గర పాత స్నేహితుడు కనిపిస్తాడు, మనం కూర్చుంటాం. బిడ్డ ఇప్పుడే నిద్రపోయింది, కదిలించొద్దంటారు, కూర్చుంటాం. అహోబిలం పోతే మరీ. వయసులో ఉన్నవాళ్ళు జ్వాలా నరసింహుణ్ణి చూసొస్తామని కొండెక్కుతారు. మోకాళ్ళ నొప్పుల అత్తలూ అమ్మలూ జేజిలూ "మీరు పోయి రండి నాయనా, నేనీడనే ఉంటా" అని కారులో ఉండిపోతారు.

దిగిన మనిషి నాలుగడుగులు వేసి, వెనక్కి తిరగకుండానే అలవాటుగా రిమోటు మీద మీట నొక్కుతాడు. తలుపులు టక్కుమని పడతాయి. ఇండికేటర్లు ఒకసారి మెరుస్తాయి. అంతే. ఆ క్షణం నుంచి కారు లెక్క ప్రకారం లోపల ఎవరూ లేరు.

ఎందుకలా అంటున్నానో వినండి. కారుతో పాటే ఫ్యాక్టరీలో బిగించి వచ్చే అలారం అంత తెలివైనదేమీ కాదు. దానికి తెలిసినవి మూడే: తలుపులు, బానెట్, డిక్కీ. తలుపు తీస్తే లోపల లైటు వెలుగుతుంది కదా, అట్లాంటి స్విచ్చి ఒకటి ప్రతి తలుపుకీ ఉంటుంది. అన్నీ మూసి రిమోటుతో లాక్ చేస్తే కొన్ని సెకన్లలో అలారం కాపలాకి కూర్చుంటుంది. చాలా కార్లలో డాష్‌బోర్డు మీద ఒక చిన్న ఎర్ర లైటు ఆగి ఆగి వెలుగుతూ ఉంటుంది, అది కాపలా గుర్తు. ఇక ఆ తర్వాత రిమోటుతో అన్‌లాక్ చేయకుండా ఏ తలుపు తెరుచుకున్నా సరే, దొంగ పడ్డాడనుకుంటుంది. బయటి నుంచి తీశారా, లోపల కూర్చున్న ముసలమ్మ తీసిందా అన్న తేడా దానికి లేదు. హారన్ మోగుతుంది, ఇండికేటర్లన్నీ ఒక్కసారిగా కొట్టుకుంటాయి. లోపలి కదలికను పసిగట్టే సెన్సర్లు కొన్ని ఖరీదైన కార్లలో ఉంటాయి. మనలాంటి వాళ్ళు కొనే చాలా కార్లలో ఉండవు.

పోయిన ఎండాకాలం ఆళ్ళగడ్డలో మా దగ్గరి చుట్టాల పెళ్ళి. మా అత్తకు డెబ్భై దాటాయి. కల్యాణ మండపం ముందు బండి ఆపి, "లోపల కుర్చీ చూసి వస్తానుండుమ్మా" అని మా మరిది దిగాడు. దిగి, అలవాటుగా మీట నొక్కాడు. లోపల ఎవరో పలకరించారు, మాటల్లో పడ్డాడు. పది నిమిషాలకు అత్తకు ఉక్కపోసింది. అద్దం దించబోతే దిగలేదు, ఇంజను ఆపి ఉంది కదా. తలుపు తీసింది. అలారం అందుకుంది. సన్నాయి మేళం కూడా వినపడనంత మోత. మండపం గేటు దగ్గరున్న కుర్రవాళ్ళు నవ్వారు. మరిది పరుగెత్తుకుంటూ వచ్చి అడిగిన మొదటి మాట, "ఏం నొక్కినావమ్మా?"

"నేనేం నొక్కలేదు నాయనా. గాలాడక తలుపు తీసినా."

"నేనొచ్చేదాకా ఉండొచ్చు కదా. చూడు, ఊరంతా చూస్తాండారు."

ఆ రోజు నుంచి మా అత్త కారు తలుపు ముట్టుకోవడం మానేసింది. ఇంటి ముందు ఆగినా సరే, "తీయొచ్చా?" అని అడిగి, ఎవరో వచ్చి తీసేదాకా చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంటుంది. ఇల్లు కట్టించి, ముగ్గురు పిల్లల్ని పెంచి, పెళ్ళిళ్ళు చేసిన మనిషి. ఒక హారన్ మోతకు జడిసి తలుపు తీయడం మానేసింది. నాకు కోపం రాక ఏమొస్తుంది?

ఇంటికొచ్చి కారు డాష్‌బోర్డు అరలో నుంచి పుస్తకం బయటికి తీశాను. ప్లాస్టిక్ కవరు కూడా విప్పలేదెవరూ. ఇంగ్లీషులో ఉంది. నాది బీఏ తెలుగు, అయినా నిఘంటువు పక్కన పెట్టుకుని అలారం పేజీలు చదివాను. అందులో మొదటి హెచ్చరికే ఇది: బండిలోని వాళ్ళందరూ దిగిన తర్వాతే అలారం పెట్టాలి, లోపల మనిషి ఉండగా పెడితే ఆ మనిషి దిగేటప్పుడు మోగుతుంది. కంపెనీ వాళ్ళే రాసి పెట్టారు. అంటే పద్ధతి తప్పింది మీట నొక్కిన చెయ్యి. మాట పడింది తలుపు తీసిన చెయ్యి. మన ఇళ్ళల్లో చాలా సంగతులు ఇట్లాగే జరుగుతాయి కాబట్టి ఎవరికీ వింతగా అనిపించదు.

అలారం అన్న మాట ఇటాలియన్ భాష నుంచి వచ్చింది. "ఆయుధాలు పట్టండి" అని సైనికుల్ని లేపే కేక అది. మన పల్లెల్లో అర్ధరాత్రి దొంగను చూసిన మనిషి ఊరిని లేపడానికి పెట్టే కేక కూడా అదే జాతి. ఆ కేక పెట్టిన మనిషిని ఎవరూ తప్పు పట్టరు. కారు పెట్టిన కేకకు మాత్రం మనం తల దించుకుంటాం. చిన్నప్పటి నుంచి "గొంతు తగ్గించు, నలుగురూ చూస్తారు" అని పెంచారు మనల్ని. అందుకే కారు గొంతు పెంచినా అది మన తప్పే అనిపిస్తుంది.

ఇది సిగ్గుతో పోయే విషయమైతే ఇంత రాయను. ప్రాణాలతో పోయే విషయం.

2025 ఏప్రిల్ 14న రంగారెడ్డి జిల్లా చేవెళ్ళ మండలం దామరగిద్దలో ఆగి ఉన్న కారులోకి ఎక్కిన ఇద్దరు ఆడపిల్లలు ఊపిరాడక చనిపోయారు. ఒకరికి అయిదేళ్ళు, ఒకరికి నాలుగేళ్ళు. నెల తిరగ్గానే, మే 18న, విజయనగరం జిల్లా ద్వారపూడిలో ఆడుకుంటూ కారులోకి ఎక్కిన నలుగురు పిల్లలు. ఎనిమిదేళ్ళు దాటిన వాళ్ళెవరూ లేరు. తలుపులు పడిపోయాయి, తెరుచుకోలేదు. అమ్మలు వెతుక్కుంటూనే ఉన్నారు.

ఎండలో ఆగిన కారు ఎంత వేడెక్కుతుందో అమెరికాలో స్టాన్‌ఫర్డ్ వైద్యులు కొలిచి 2005లో ప్రకటించారు. బయట వాతావరణం చల్లగా, 22 డిగ్రీలున్న రోజు కూడా గంటలో కారు లోపల మరో 22 డిగ్రీల దాకా పెరిగింది. అందులో ఎక్కువ భాగం మొదటి అరగంటలోనే పెరిగింది. అద్దం కాస్త దించి ఉంచినా పెద్ద తేడా రాలేదు. మన నంద్యాలలో ఏప్రిల్, మే నెలల్లో బయటే 45 దాటడం కొత్త కాదు. ఇక లోపలి సంగతి నేను లెక్క చెప్పక్కర్లేదు. "అద్దం రెండు వేళ్ళు దించినాంలే" అనే ధైర్యం ఇకనైనా మానుకోండి.

ఇప్పుడు చెప్పండి. లోపల చిక్కుకున్న బిడ్డకో ముసలమ్మకో ఆ మోత శత్రువా, చుట్టమా? కాపలాకి కూర్చున్న కారులో లోపలి నుంచి తలుపు తెరిస్తే హారన్ మోగుతుంది, నలుగురూ చూస్తారు. చూడాలి! అదే కావాలి. "తలుపు తీస్తే మోగుతుంది, ముట్టుకోవద్దు" అని భయపెట్టిన బిడ్డ, ఊపిరాడనప్పుడు కూడా ముట్టుకోదు. మా అత్తలాగే చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంటుంది. మనం నేర్పాల్సిన మాట ఒక్కటే: మోగితే మోగనీ, ముందు తలుపు తియ్యి.

అయితే మోత మీద పెట్టుకోకూడని నమ్మకం కూడా ఒకటుంది. అలారం మోగితే దొంగ పారిపోతాడని, బండి భద్రమని అనుకుంటాం. అలారం కుక్కలాంటిది, మొరుగుతుంది. దొంగను నిలిపేది తాళం. కారులో ఆ తాళం పని చేసేది ఇమ్మొబిలైజర్. తాళంచెవి లోపల ఒక చిన్న చిప్పు ఉంటుంది. కారు ఆ చిప్పును గుర్తుపడితేనే ఇంజను అందుకుంటుంది. మారు తాళంతో తలుపు తీసినా బండి కదలదు. యూరప్‌లో 1998 నుంచి కొత్త కార్లన్నింటికీ ఇది తప్పనిసరి. అమెరికాలో తప్పనిసరి కాదు. మన పెనుకొండ దగ్గర ఫ్యాక్టరీ పెట్టిన కియా, దాని తోటి కంపెనీ హ్యుందాయ్ అక్కడ 2011 నుంచి 2021 దాకా అమ్మిన చాలా మామూలు తాళంచెవి కార్లలో ఇమ్మొబిలైజర్ లేదు. వాటిని ఎలా ఎత్తుకుపోవచ్చో కుర్రవాళ్ళు వీడియోలు పెట్టేసరికి 2022లో అక్కడ ఊళ్ళకు ఊళ్ళు దొంగతనాలతో గగ్గోలెత్తాయి. 2023లో ఆ కంపెనీలు సాఫ్ట్‌వేర్ మార్చి ఇచ్చాయి. అందులో ఒకటి, అలారం మోత 30 సెకన్ల నుంచి నిమిషానికి పెంచడం. రెండోది, ఇగ్నిషన్‌లో తాళంచెవి ఉంటేనే బండి స్టార్టయ్యేట్టు చేయడం. మొదటిది కుక్కను ఇంకాసేపు మొరగమనడం, రెండోది తలుపుకి తాళం వేయడం. మన కారులో ఇమ్మొబిలైజర్ ఉందో లేదో పుస్తకంలో చూసుకోవాలి. ఉంటే, అలారం సరిపోదని బయట అంగడిలో మరొకటి బిగించుకునే పని లేదు. అట్లా బిగించినవి చాలావరకు అదురుకు మోగే రకం. లారీ పోయినా, ఉరిమినా, పిల్లి దూకినా మోగుతాయి. "నాన్నా పులి" కథ మనకెవరూ చెప్పక్కర్లేదు. వీధిలో రోజూ ఉత్తినే మోగే కారు, నిజంగా బిడ్డ చిక్కుకున్న రోజు మోగినా ఎవరూ బయటికి రారు.

ఇక వాదనల సంగతి. నేను విన్నవే చెబుతాను.

మొదటిది, డ్రైవింగ్ రాదు కదా అని. గ్యాస్ సిలిండర్ నింపడం మనకొచ్చా? రాదు. కానీ వాసన వస్తే రెగ్యులేటర్ ఎలా కట్టాలో మొదట నేర్పింది మనకే, ఎందుకంటే వంటింట్లో ఉండేది మనం. ప్రమాదం పక్కన ఎవరు కూర్చుంటారో ఆపడం వాళ్ళకు తెలియాలి. ఆగిన కారులో కూర్చునేది మనమైనప్పుడు ఆపే మీట మన చేతిలో ఉండాలి. ఇందులో డ్రైవింగ్ ప్రసక్తే లేదు.

రెండోది, పోగొడతారట. చిప్పు తాళంచెవి మళ్ళీ చేయించాలంటే వేలల్లో అవుతుందట. నిజమే, అవుతుంది. కానీ ఇంటి నగలూ, పొలం కాగితాలూ, పిల్లల సర్టిఫికెట్లూ ఎవరి దగ్గర భద్రంగా ఉన్నాయి? మన తెలుగిళ్ళల్లో పెద్దరికం అంటేనే నడుముకు వేలాడే తాళాలగుత్తి. అత్త ఆ గుత్తి తీసి కోడలికిచ్చిన రోజే ఇల్లు కోడలిదయ్యేది. బియ్యం కొట్టు, పెరుగు గూడు, భోషాణం, అన్నింటి తాళాలూ అందులోనే. ఇంటికి కారొచ్చింది, ఒక్క తాళంచెవి మాత్రం గుత్తిలోకి రాకుండా ప్యాంటు జేబులోకి పోయింది. ఎవరూ అడగలేదు. మనం అడుగుదాం.

మూడోది, పిల్లలకు నేర్పితే ఆడుకుంటారట. ఆడుకోకుండా ఎలాగూ ఉండరు. ఆడుకునే బిడ్డకే బయటపడే దారి తెలియాలి.

కాబట్టి ఈ ఆదివారం పగటిపూట, పక్కింటివాళ్ళకు ఒక మాట చెప్పి, ఇంటిల్లిపాదీ కారు దగ్గర చేరండి. ఇంట్లో అందరికంటే పెద్ద మనిషినీ, అందరికంటే చిన్న బిడ్డనీ కూడా తీసుకురండి. మీరు లోపల కూర్చోండి, ఆయన్ను బయటి నుంచి రిమోటుతో లాక్ చేయమనండి. అరనిమిషం ఆగి తలుపు తీయండి. మోగుతుంది. మోగనీయండి. చెవులకు అలవాటు కానీయండి. తర్వాత రెండో తాళంచెవి మీది అన్‌లాక్ మీట నొక్కండి, ఆగిపోతుంది. మీట పని చేయకపోతే ఇగ్నిషన్‌లో తాళంచెవి పెట్టి ఆన్ చేసినా చాలా కార్లలో ఆగుతుంది. బటన్‌తో స్టార్టయ్యే కార్లలో రిమోటు లోపల ఒక ఇనప తాళంచెవి దాచి ఉంటుంది, దాన్ని ఎలా బయటికి తీయాలో చూసి పెట్టుకోండి. ఆ ఇనప తాళంచెవితో తలుపు తీస్తే చాలా కార్లలో అలారం మోగుతుంది, అదీ తెలిసి ఉంటే బెదరరు.

తర్వాత పిల్లల వంతు. వెనక తలుపులకు చైల్డ్ లాక్ ఉంటే లోపలి నుంచి ఎంత లాగినా తెరుచుకోవు. అందుకే చిక్కుకుంటే ముందు సీట్లోకి దూకాలని, డ్రైవరు తలుపు పిడి గట్టిగా లాగాలని, ఒకసారికి రాకపోతే రెండోసారి లాగాలని చేయించి చూపండి. తలుపు రాకపోతే హారన్ నొక్కి పట్టుకోమనండి. చాలా కార్లలో ఇంజను ఆపి ఉన్నా, తాళంచెవి లేకపోయినా హారన్ మోగుతుంది. మీ కారులో మోగుతుందో లేదో ఆరోజే తేల్చుకోండి. ఇంకొకటి, రిమోటుతో అన్‌లాక్ చేసి తలుపేదీ తీయకపోతే చాలా కార్లు అరనిమిషంలో తమంతట తామే మళ్ళీ లాక్ అయిపోతాయి, అలారం మళ్ళీ కాపలాకి కూర్చుంటుంది. "లాక్ తీసే ఉంది కదా" అనుకోవడానికి లేదు.

బీరువాలో పడి ఉన్న రెండో తాళంచెవి రిమోటు బ్యాటరీ ఈ పాటికి నీరసించి ఉండొచ్చు. చాలావాటిలో ఉండేది సిఆర్ 2032 అనే రూపాయి బిళ్ళంత బ్యాటరీ. గడియారాలు బాగుచేసే ఏ అంగట్లోనైనా దొరుకుతుంది. వేయించుకుని రండి. ఎవరూ ముట్టుకోకుండానే అలారం మోగుతుంటే దయ్యం కాదు, బానెట్ సరిగ్గా పడలేదేమో, బ్యాటరీ బలహీనపడిందేమో, ఎలుకలు వైర్లు కొరికాయేమో మెకానిక్కుకు చూపించండి.

ఆయన దిగేటప్పుడు మాత్రం ఒక్క మాట, గట్టిగానే చెప్పండి: "నేను లోపల ఉన్నా, బయటి నుంచి లాక్ చేయొద్దు." భయమనిపిస్తే లోపలి నుంచే లాక్ మీట నొక్కుకోవచ్చు. చాలా కార్లలో అట్లా వేసుకుంటే తలుపులు పడతాయి కానీ అలారం కాపలాకి కూర్చోదు, పిడి లాగితే తెరుచుకుంటుంది. ఎండాకాలంలో అయితే ఈ మాటలు కూడా అక్కర్లేదు. పసిబిడ్డనూ, పెద్ద మనిషినీ ఆపిన కారులో ఉంచి దిగడమే వద్దు. రెండు నిమిషాలని చెప్పి దిగిన ఏ మగవాడు రెండు నిమిషాల్లో వచ్చాడో మీరే చెప్పండి.

మన పేరు మీద కారు కొనమని నేను అడగడం లేదు. దానికి వేరే పోరాటం ఉంది. ఇప్పటికి అడుగుతున్నది బీరువాలో ఉత్తపుణ్యానికి పడి ఉన్న ఒక తాళంచెవిని. అడిగి తీసుకోవాల్సిన పని కూడా లేదు నిజానికి. ఆ బీరువా తాళాలు మన దగ్గరే కదా ఉన్నాయి.